కొమ్ములు లేని వైకింగులు మాకొద్దు!

వైకింగులకు కొమ్ములు ఉండి తీరాలి! లేవని పిల్లలకు చెప్పే టీచర్లను ఉద్యోగంలోంచి పీకేయాలి!

ఈ మాట ఆవేశంలో అంటున్నానని అనుకోకండి. మే నెలలో మా చిలకలూరిపేటలో బుర్ర చల్లగా ఉండేది తెల్లవారుజామున కాసేపే. ఆ వేళ లేచి, మొహం కడుక్కుని, కాఫీ తాగి, నిదానంగా ఆలోచించి మరీ అంటున్నాను.

వైకింగులంటే ఎవరో మరిచిపోయిన వాళ్లకు రెండు ముక్కలు చెబుతాను. యూరప్ మ్యాపులో పైచివర నార్వే, స్వీడన్, డెన్మార్క్ అని దేశాలున్నాయి కదా. వెయ్యేళ్ల పైమాట, అక్కణ్ణించి ఓడలెక్కి బయల్దేరిన జనం వాళ్లు. ఎర్ర గడ్డం, బొచ్చు చొక్కా, చేతిలో గొడ్డలి, నెత్తిన కొమ్ముల టోపీ. ఒడ్డున దిగడం, నరకడం, దోచుకోవడం, పోవడం. ఒక జాతి మొత్తం నాలుగు క్రియాపదాల్లో అయిపోయింది! ఇంతకంటే ఎక్కువ తెలుసుకుని ఎవరు బాగుపడ్డారండీ?

మూసలో పోసిన చరిత్ర ఎంత సుఖమో మీరెప్పుడైనా ఆలోచించారా? చదవక్కర్లేదు. గుర్తుపెట్టుకోనక్కర్లేదు. టోపీ చూస్తే చాలు.

మా ప్రాంతం సంగతే తీసుకోండి. సినిమాల పుణ్యమా అని మా వైపు మనిషి అంటే చేతిలో వేటకొడవలి, సంచిలో నాటుబాంబు. మా పక్కింటి కుర్రాడు హైదరాబాద్ హాస్టల్లో చేరిన మొదటి రోజే రూమ్మేట్ అడిగాడట, మీ ఇంట్లో బాంబులు ఎక్కడ పెడతారని. వీడి అమ్మానాన్నలు మిరప కల్లాల్లో తాలుకాయలు ఏరి వీణ్ణి చదివిస్తున్నారు. ఆ ముక్క చెబితే రూమ్మేట్ ఎంత నిరాశపడతాడు! అందుకని మావాడు తెలివిగా, అటక మీద అన్నాడు. ఆ రోజు నుంచి వాడి సబ్బు ఎవరూ ముట్టుకోవడం లేదు. మూస ఇచ్చే రక్షణ పోలీసులు కూడా ఇవ్వలేరు.

ఇంత చల్లగా సాగుతున్న మా కాపురంలో మహిమ టీచర్ నిప్పులు పోసింది.

మా ఊళ్లో హైవే పక్కన, రెండు స్పిన్నింగ్ మిల్లుల మధ్య ఒక స్కూలుంది. పేరు చెప్పను. చెబుతూ కూర్చుంటే ఈ పేజీ చాలదు కూడా. గ్లోబల్, టెక్నో, ఒలింపియాడ్, కాన్సెప్ట్ అన్నీ ఆ పేరులోనే ఉన్నాయి, గ్రౌండ్ తప్ప. కరస్పాండెంట్ రామకాంత్ గారు. ఒకప్పుడు ఊళ్లమ్మట తిరిగి రైతుల దగ్గర పత్తి కొన్న మనిషి. ఇప్పుడు చదువు అమ్ముతున్నారు.

మహిమ ఆ స్కూల్లో సోషల్ టీచరు. పొన్నూరు పక్క పల్లె నుంచి వచ్చిన అమ్మాయి. భర్త ప్రకాష్ జిన్నింగ్ మిల్లులో పనిచేస్తూ మిషన్‌లో చెయ్యి నలిగి రెండేళ్లుగా ఇంట్లోనే ఉన్నాడు. ఆ ఇంటికి ఆధారం ఆవిడ ఉద్యోగమే. అలాంటి మనిషి ఎలా ఉండాలి? తలొంచుకుని, గైడ్‌లో ఉన్నది బోర్డు మీద రాసి, బోర్డు మీదిది నోట్సులోకి ఎక్కించి, ఒకటో తారీఖు కోసం ఎదురుచూస్తూ ఉండాలి. ఈవిడ పుస్తకాలు చదివింది!

ఫిబ్రవరిలో ఆ స్కూలు ఆన్యువల్ డే. థీమ్ 'ప్రపంచ మహావీరులు'. ఆరో తరగతికి జపాన్ సమురాయ్‌లు వచ్చారు, ఎనిమిదికి రోమన్లు, ఏడుకి వైకింగులు. పిల్లలందరికీ కొమ్ముల టోపీ, ప్లాస్టిక్ గొడ్డలి, బొచ్చు చొక్కా. అన్నీ స్కూల్లోనే కొనాలి. బయట కొంటే కొమ్ముల వంపులో తేడా వచ్చి యూనిఫార్మిటీ దెబ్బతింటుందని పేరెంట్స్ వాట్సాప్ గ్రూపులో మెసేజ్ పెట్టారు. ఫిబ్రవరి మధ్యాహ్నం పేటలో బొచ్చు చొక్కా వేసుకున్న పిల్లాణ్ణి మీరు చూశారా? నేను చూశాను. పిల్లాడు కనబడలేదు, చెమట కనబడింది.

నాటిక కట్టడానికి గుంటూరు నుంచి శ్రీకృష్ణ అనే డాన్స్ మాస్టారు వచ్చాడు. వైకింగుల దాడుల్లో పేరుపడ్డది ఇంగ్లండ్ ఒడ్డున ఒక క్రైస్తవ మఠం మీద చేసిన దాడి. చర్చి సెట్ వేస్తే తల్లిదండ్రుల్లో సగం మంది లేస్తారు. గుడి వేస్తే మిగతా సగం లేస్తారు. మాస్టారు రాత్రంతా ఆలోచించి బ్యాంకు వేశాడు. ఎనిమిదో శతాబ్దం, సముద్రం ఒడ్డున, ఏటీఎంతో సహా!

అన్నీ ఇంత పద్ధతిగా కుదిరాక మహిమ రామకాంత్ గారి రూములోకి వెళ్లింది.

"సార్, వైకింగులకు కొమ్ముల టోపీలు లేవండి. నూట యాభై ఏళ్ల కిందట యూరప్‌లో స్టేజీ వాళ్లు వేషం కోసం పెట్టారండి అవి."

"మన పిల్లలు వేసేది కూడా వేషమేగా అమ్మా," అన్నారాయన.

ఏం జవాబండీ అది! లాజిక్ అంటే అలా ఉండాలి. పుస్తకాలు చదివిన వాళ్లకు ఇలాంటి జవాబులు తట్టవు.

అయినా ఆవిడ ఆగిందా? ఆగలేదు, నేరుగా క్లాసులోకి వెళ్లి పాఠం మొదలుపెట్టింది. ఆ గొడ్డలి మనుషుల్ని నరకడానికి మాత్రమే కాదట, ఎక్కువగా చెట్లు చీల్చి పలకలు చెక్కడానికట. రంపం లేకుండా, చెక్క నార వెంబడి చీల్చి, పలక మీద పలక సగం ఎక్కేలా పేర్చి, ఇనప మేకులు దిగ్గొట్టి, సందుల్లో తారులో ముంచిన ఉన్ని కూరి ఓడ కట్టేవాళ్లట. కెరటం వస్తే ఆ ఓడ విరగదట, దానితో పాటు వంగుతుందట. వాళ్లలో ఎక్కువమంది అసలు ఓడే ఎక్కని రైతులట. ఎక్కిన వాళ్లలో కూడా చాలామంది బొచ్చు తోళ్లు, తేనె, మైనం, కొమ్ముతో చేసిన దువ్వెనలు అమ్ముకునే వర్తకులట. వారానికోసారి శుభ్రంగా స్నానం చేసి తల దువ్వుకునేవాళ్లట.

తల దువ్వుకునే దొంగలు! చెప్పుకోవడానికి మనకైనా సిగ్గుండాలి.

ఇంకా ఉంది వినండి. కొలంబస్‌కి ఐదొందల ఏళ్ల ముందే వాళ్లు అమెరికా ఒడ్డు తొక్కారట. అరబ్బు దేశాల వెండి నాణేలు వాళ్ల ఊళ్లలో కుండల్లో దొరికాయట. అప్పటి మన దేశం వాయవ్య మూల నుంచి బయల్దేరిన చిన్న కంచు బుద్ధుడు స్వీడన్‌లో ఒక దీవిలో తవ్వకాల్లో బయటపడ్డాడట. అమరావతి పక్కన పుట్టి పెరిగిన పిల్లలకు ఈ ముక్క చెబితే ఊరుకుంటారా? ఆ బుద్ధుణ్ణి ఎన్ని చేతులు దాటిస్తే అక్కడికి చేరాడని క్లాసులో లేచి అడిగారట. సిలబస్‌లో లేని ప్రశ్న! ఆ పీరియడ్ అంతా దానికే పోయింది.

ఆవిడ న్యాయంగానే చెప్పిందని కూడా అంటారు. వైకింగులు దోచుకున్నారనీ, ఊళ్లు తగలబెట్టారనీ, మనుషుల్ని పట్టుకుపోయి బానిసలుగా అమ్మారనీ దాచకుండా చెప్పిందట. ఇది మరీ అన్యాయం! చెడ్డవాళ్లంటే చెడ్డవాళ్లని చెప్పాలి, మంచివాళ్లంటే మంచివాళ్లని చెప్పాలి. రెండూ కలిపి చెబితే పన్నెండేళ్ల పిల్ల ఎవర్ని తిట్టాలి?

వర్తకుల వెంట మడిచి జేబులో పెట్టుకునే చిన్న త్రాసు ఉండేదట, వెండి తూచుకోవడానికి. ఎవరి త్రాసు వాళ్లదే. ఒకడి తూకం ఒకడు సరిచూసుకునేవాళ్లట. ఈ పాఠం సంగతి చెవిన పడ్డ రోజు రామకాంత్ గారు మధ్యాహ్నం భోజనం సరిగ్గా చేయలేదని ఆఫీసు అటెండరు చెప్పాడు. ఆయన పత్తి కొన్న రోజుల్లో ఊళ్లోకి వచ్చే త్రాసు ఒక్కటే, అది ఆయనదే.

అసలు ప్రమాదం ఎక్కడుందో మీకు అర్థమవుతోందా? ఓడెక్కి దోచింది ఎవరని అడిగితే ఏ గొడవా లేదు, ఏదో ఒక రాజు పేరు చెప్పి పంపించేయొచ్చు. ఓడ కట్టింది ఎవరని అడగడం నేర్పితే ఆ పిల్ల అక్కడితో ఆగుతుందా? మిల్లులో నూలు తీసిందెవరంటుంది. రాజధాని కోసం తుళ్లూరు పొలాల్లో లేచిన బిల్డింగులకు ఇటుకలు మోసిందెవరంటుంది. రేపు మా ఇంటికొచ్చి ఈ ఆవకాయలో కారం ఎవరు దంచారంటుంది. మన పరువేం కాను?

చివరికి రామకాంత్ గారు పెద్ద మనసు చేసుకున్నారు. దోపిడీ డాన్స్ అయ్యాక ఆఖర్న రెండు నిమిషాలు మహిమకు ఇచ్చారు, ఓడ గురించి ఏదో చెప్పుకోమన్నారు. ఒక్క షరతు.

"ప్రోగ్రాంలో ఏదన్నా తేడా వచ్చిందో, జూన్‌లో మీకు క్లాసులుండవు. తర్వాత నన్నేం అనుకోవద్దు," అన్నారు.

సరేనంది. ఇంట్లో చెయ్యి నలిగిన మొగుణ్ణి పెట్టుకుని సరేనంది! ఇలాంటి వాళ్లను ఏమనాలి?

స్టేజీ మీద ఓడ కట్టి చూపిస్తానంది, దానికి తెరచాప కావాలంది. వైకింగుల తెరచాప ఉన్నితో నేసిందట. ఆడవాళ్లు గొర్రెల ఉన్ని వడికి, నేసి తయారు చేసేవాళ్లట. ఓడ కట్టడానికంటే దాని చాప నేయడానికే ఎక్కువ కాలం పట్టేదట. గుడ్డ కొనడానికి రామకాంత్ గారు ఒప్పుకోలేదు. చుట్టూ నూలు మిల్లులున్న ఊళ్లో స్కూలు ఓడకి గజం గుడ్డ దొరకలేదు. వాళ్ల బావమరిది కోల్డ్ స్టోరేజీలో ఖాళీ గోతాలు పడున్నాయి, వాడుకోండి అన్నారు.

గోతాలు వచ్చాయి. మిరపకాయలు కుక్కి ఏడాదంతా నిలవ పెట్టిన గోతాలు. ఏడో తరగతి చదివే షారోన్ వాళ్లమ్మ వీరమ్మ అదే కోల్డ్ స్టోరేజీలో గోతాల మూతులు కుట్టే పని చేస్తుంది. ఆవిడా, ఇంకొందరు తల్లులూ ఆదివారం చర్చి అయ్యాక స్కూలు వరండాలో కూర్చుని, దబ్బనాలతో, పురికొసతో గోతం గోతం కలిపి చాప కుట్టారు. పిల్లలు అట్టపెట్టెలు కోసి, అట్ట మీద అట్ట సగం ఎక్కేలా అంటించి ఓడ చేశారు. వాడరేవు నుంచి సరుగుడు కర్ర తెచ్చి స్తంభం నిలబెట్టారు. పాత నూతి గిలక ఒకటి పైన బిగించి, తాడు లాగితే చాప లేచేలా, వదిలితే దిగేలా చేశారు. గాలి ముదిరితే ఎవరు ఏ తాడు వదలాలో మహిమ వాళ్లతో పదేపదే చేయించింది.

పొరపాటు ఎక్కడ జరిగిందో ఇప్పుడు చెబుతాను. ఆ పొరపాటు భూమ్మీద మా వాళ్లు తప్ప ఇంకెవరూ చేయలేరు. మరో జిల్లా వాళ్లయితే ఆ గోతం విప్పగానే తుమ్మి, దండం పెట్టి, దూరంగా పోయేవాళ్లు. మాకు కాయ కల్లాల్లోకి వచ్చినప్పటి నుంచి వానలు పడేదాకా గాలంటేనే మిరప ఘాటు. తల్లులు గోతాల్ని దులిపారు, కర్రతో నాలుగు బాదారు, కుట్టేశారు. పిల్లలు వాటి మీద పడుకుని ఆడుకున్నారు. ఒక్కరికీ ముక్కు అదరలేదు. ఉతకాలన్న ఆలోచన మహిమతో సహా ఏ ఒక్కరికీ రాలేదు.

రిహార్సల్లో గాలి లేదు కాబట్టి ఏ గొడవా లేకపోయింది. ఆన్యువల్ డే మధ్యాహ్నం డాన్స్ మాస్టారికి బుర్రలో లైటు వెలిగింది. తుఫాన్ ఎఫెక్ట్! పెళ్లి పందిళ్లలో పెట్టే నిలువెత్తు ఫ్యాన్లు రెండు తెప్పించి ఓడ వెనకాల పెట్టించాడు. ఎదురుగా స్టేజీ కింద సోఫాలు. సోఫాల్లో పెద్దమనుషులు.

నేను రెండో వరసలో ఉన్నాను. పత్రికలో కాలమ్ రాస్తానని నాకూ ఒక కుర్చీ వేశారు. సోఫా కాదు, కుర్చీ. కవర్ మాత్రం తొడిగారు. ముఖ్య అతిథి ఏదో కార్పొరేట్ కాలేజీ డీన్. చేతిలో కాగితాల కట్ట చూస్తే ఆయన మాట్లాడటం మొదలుపెడితే సమురాయ్‌లు కూడా మంచాలెక్కుతారని తెలిసిపోయింది.

ముందు బ్యాంకు దోపిడీ జరిగింది. కొమ్ముల టోపీలు డీజే పాటకి ఊగాయి. మధ్యలో ఇద్దరు పిల్లల కొమ్ములు ఒకదాన్నొకటి తగులుకుని, విడిపోలేక, పాట అయ్యేదాకా తలలు కలుపుకునే డాన్స్ చేశారు. అందరూ అదీ స్టెప్పే అనుకుని చప్పట్లు కొట్టారు. రామకాంత్ గారు డీన్ వైపు చూసి గర్వంగా నవ్వారు.

తర్వాత ఓడ వచ్చింది, బొచ్చు చొక్కాలు లేకుండా మామూలు యూనిఫాంలో ఉన్న పిల్లలతో. షారోన్ మైకు దగ్గరికొచ్చి నింపాదిగా అంది.

"ఈ తెరచాప మా అమ్మలు కుట్టారండి. ఆ కాలంలో వాళ్ల అమ్మలు నేశారండి."

పిల్లలు తాడు లాగారు. చాప పైకి లేచింది. మాస్టారు ఫ్యాన్ల స్విచ్చి వేయించాడు.

నిజం చెప్పాలి కదా, ఆ గోనెచాప గాలికి ఉబ్బి నిలబడితే నా ఒళ్లు జలదరించింది. వెనక వరసల్లో ఎవరో ఈల వేశారు. స్టేజీ మీద నిజంగానే ఏదో దూరదేశం పోయే ఓడ ఉన్నట్టే అనిపించింది. అలా అనిపించి రెండు గుటకలు మింగానో లేదో, గొంతులో నిప్పు పడింది.

ఏడాది పాటు గోతాల నేతలో ఇంకిన కారం ఒక్కసారిగా లేచి సోఫాల మీదికి వచ్చింది. డీన్ గారు మొదట తుమ్మారు, తర్వాత దగ్గారు, ఆ పైన ఏడ్చారు. ఆయన కాగితాల కట్ట ఎటు ఎగిరిపోయిందో ఇప్పటికీ తెలియదు. ఈ ఊరికి ఆ ఓడ చేసిన మేళ్లలో మొదటిది అదే. రామకాంత్ గారు కళ్లు నులుముకున్నారు. మిరప దుమ్ము పడ్డ కళ్లు నులుముకోకూడదని ఆయనకి తెలియదా? తెలుసు, కానీ ఆయన మా నేల వదిలి ఏసీ గదిలోకి మారి చాలా కాలమైంది.

వెనక కూర్చున్న తల్లులు కొంగులు ముక్కుకి చుట్టుకున్నారు. మగవాళ్లు తువ్వాళ్లు కట్టుకున్నారు. కల్లంలో రోజూ చేసే పనే. స్టేజీ పక్కన నిలబడ్డ మహావీరులు టోపీలు విసిరేశారు, గొడ్డళ్లు విసిరేశారు, రోమన్లనీ సమురాయ్‌లనీ తొక్కుకుంటూ గేటు దాకా పరిగెత్తారు. డాన్స్ మాస్టారు వాళ్లకంటే ముందున్నాడు. ఫ్యాన్లు వేసిన మనిషి ఎక్కడికి పోయాడో గానీ ఫ్యాన్లు తిరుగుతూనే ఉన్నాయి. మహిమ దగ్గుతూ, కళ్లు కనబడక, స్విచ్చి కోసం గోడ తడుముతోంది.

ఓడలో ఉన్న పిల్లలు మాత్రం కదల్లేదు. యూనిఫాం టైలు ముక్కుల మీదికి లాక్కున్నారు. షారోన్ ఏదో అంది, ఒకడు ముడి విప్పాడు, ఇద్దరు తాడు పట్టుకుని కొంచెం కొంచెంగా వదిలారు. చాప దిగింది. దిగిన చాపని మడిచి, దుమ్ము లేవకుండా అందరూ దాని మీద కూర్చున్నారు.

చూశారా ఎంత ఘోరం! సముద్రం మీద బతకడమంటే ఏమిటో ఊరంతా కళ్లారా, అంటే కళ్లు మండుతుండగా, చూసేసింది. గాలి ముదిరితే తాడు వదలాలి, చాప దించాలి, పక్కవాడి మాట వినాలి. కొమ్ములు ఆదుకోలేదు, గొడ్డళ్లు ఆదుకోలేదు. వెయ్యేళ్ల కిందట ఐస్‌లాండ్ దాకా పోయిన వాళ్లు ఇలా పోయి ఉంటారని మా పేట జనానికి తెలిసిపోయింది. అదృష్టం కొద్దీ చప్పట్లు కొట్టే స్థితిలో ఎవరూ లేరు.

ఆ సాయంత్రంతో మహిమ ఉద్యోగం అయిపోయిందనే అందరం అనుకున్నాం. ఆవిడ కూడా అనుకుంది. కానీ తెల్లారేసరికి ఎవరో ఫోన్లో తీసిన వీడియో రాష్ట్రమంతా తిరిగింది. లక్షల మంది చూశారు. పక్క ఊళ్ల నుంచి అడ్మిషన్ల కోసం ఫోన్లు. మధ్యాహ్నానికి రామకాంత్ గారు ఒక యూట్యూబ్ ఛానెల్‌కి ఇంటర్వ్యూ ఇచ్చారు. చూడ్డం, వినడం మాత్రమే కాకుండా వాసన కూడా కలిపి మా విద్యార్థులకు ఫోర్-డీ లెర్నింగ్ అందిస్తున్నాం అన్నారు. కళ్లు ఇంకా ఎర్రగానే ఉన్నాయి, అయినా రెప్ప వేయకుండా చెప్పారు.

మహిమను పిలిచి, పోనీలేమ్మా, జరిగిందేదో మనకే మంచిదైంది అన్నారు. ఉద్యోగం నిలిచింది. ఆవిడ ఆ రోజు ఇంటికెళ్లి ప్రకాష్‌తో, జూన్‌కి భయం లేదని చెప్పిందట.

మూర్ఖురాలికి అదృష్టం పట్టినా నిలుస్తుందా?

ఏప్రిల్లో వార్షిక పరీక్షలు. పేపర్లు ఎక్కడో అచ్చై, సీలు వేసి వస్తాయి. వాటితో పాటు జవాబుల కీ కూడా వస్తుంది. ఏడో తరగతి సోషల్‌లో ఒక మార్కు ప్రశ్న: వైకింగులు ఎవరు? కీలో జవాబు: సముద్రపు దొంగలు.

క్లాసంతా తప్పు రాసింది. రైతులు, వడ్రంగులు, నేతపని వాళ్లు, వర్తకులు, ఓడ నడిపేవాళ్లు, వాళ్లలో కొందరు దొంగలు అని రాశారు. ఒక్కడు మాత్రం సముద్రపు దొంగలు అని రాశాడు. ఆన్యువల్ డే ముందు అమ్మవారు పోసి ఇంట్లో పడుకుని, ఆ పాఠం వినని వాడు.

మహిమ అందరికీ మార్కు వేసింది. వాడికి అర మార్కు వేసింది.

కీ ప్రకారం దిద్దలేదని ప్రిన్సిపాల్ పట్టుకున్నారు. పేపర్లు రామకాంత్ గారి బల్ల మీదికి వెళ్లాయి. ఆయన నిజంగా మంచి మనిషి. కోప్పడలేదు. ఎర్ర పెన్ను తీసి ఆవిడ ముందు పెట్టి, కీ చూసి మళ్లీ దిద్దేయండి, ఈ సంగతి ఇక్కడితో మర్చిపోదాం అన్నారు. కీ తప్పయితే పేపరు తప్పవుతుంది, పేపరు తప్పయితే స్కూలు తప్పవుతుంది, అంత దూరం ఎందుకన్నారు. మీ ఇంటి పరిస్థితి నాకు తెలుసని కూడా అన్నారు.

ఆవిడ పెన్ను ముట్టుకోలేదు.

"తప్పు రాయలేదండి వాళ్లు."

"ఒక్క మార్కు కోసం ఉద్యోగం పోగొట్టుకుంటారా?"

"ఒక్క మార్కే కదా సార్. ఉండనివ్వండి."

వినండి పాఠకులారా, వినండి! ఒక్క మార్కు! కొట్టేస్తే ఒక చిన్న ఎర్ర గీత. ఆ గీత గీస్తే ఇంట్లో పొయ్యి వెలుగుతుంది, మొగుడికి మందులొస్తాయి, ఇంటద్దె తీరుతుంది. ఎప్పుడో చచ్చి మట్టిలో కలిసిపోయిన వడ్రంగుల కోసం, పేరు కూడా తెలియని నేతగత్తెల కోసం, ఈ దేశంలో ఎవరైనా ఉద్యోగం వదులుకుంటారా? వాళ్లలో ఒక్కడైనా లేచొచ్చి ఆవిడకి జీతం ఇస్తాడా?

ఆ సాయంత్రమే ఆవిడ టేబుల్ సొరుగు ఖాళీ చేయించారు. పేపర్లు డాన్స్ మాస్టారు దిద్దాడు. కీ ప్రకారం. జూన్ నుంచి ఏడో తరగతికి సోషల్ కూడా ఆయనే చెబుతాడట, ఆయన దగ్గర కొమ్ములు స్టాకు ఉన్నాయి కాబట్టి.

ఇంతటితో అంతా సుఖాంతం కావాల్సింది. పోయిన వారం అడ్మిషన్ల రెన్యువల్‌కి పిలిస్తే తల్లులు కట్టగట్టుకుని స్కూలు గేటు దగ్గరికి వచ్చారు. కోల్డ్ స్టోరేజీ షిఫ్టు దిగి, అదే బట్టలతో. ముందు వీరమ్మ.

"మా పిల్లకి మార్కు ఎందుకు తీశారో తర్వాత అడుగుతా సారూ," అంది. "మా టీచరమ్మని ఎందుకు తీశారో అది చెప్పండి ముందు. చెబితేనే ఫీజు కడతాం."

రామకాంత్ గారు, ఆవిడని ఎవరూ తీయలేదమ్మా, తనే మానేసింది అన్నారు. అయితే ఆ మాట ఆవిడ నోట చెప్పించండి అంది వీరమ్మ. ఆయన లోపలికెళ్లి తలుపేసుకున్నారు.

అదే రోజు సాయంత్రం నాకు ఫోను చేశారు. గురువుగారూ, మీరు రాస్తే జనం నమ్ముతారు, మా స్కూలు గురించి నాలుగు మంచి ముక్కలు రాయండి అన్నారు. ఆన్యువల్ డే గురించి రాయమన్నారు, రాశాను. కొమ్ముల టోపీలు ఎందుకు అవసరమో రాయమన్నారు, చూశారుగా, గొంతు చించుకుని మరీ వాదించాను. ఫోర్-డీ లెర్నింగ్ మర్చిపోవద్దన్నారు, మర్చిపోలేదు. నాలుగోది ఒక్క వాక్యం. ఆయనే ఫోన్లో చెప్పి రాయించారు కూడా: "మహిమ టీచర్ తన ఇష్టపూర్వకంగా ఉద్యోగం మానుకున్నారు."

మూడు రోజులుగా ఆ ఒక్క వాక్యం దగ్గర నా కలం మొరాయిస్తోంది. అది అబద్ధం. ఆవిడ మానుకోలేదు. పిల్లలు రాసిన సరైన జవాబుకి మార్కు వేసినందుకు ఆవిణ్ణి తీసేశారు.

వీరమ్మ గారూ, మీరు గేటు దగ్గర అడిగిన దానికి జవాబు ఇదీ. ఫీజు సంగతి ఇక మీ ఇష్టం.